అక్టోబరులో వదిలిన సీతాకోక మార్చిలో మళ్ళీ వస్తుందా?

మీరు అడిగినవి మూడు. మీ అమ్మాయి స్కూల్ నుంచి తెచ్చుకున్న ప్యూపాలోంచి మోనార్క్ సీతాకోక వచ్చింది, దాన్ని అక్టోబరు మొదట్లో డాలస్‌లో మీ పెరట్లోనే వదిలేశారు, అది మెక్సికో వెళ్ళి మళ్ళీ మన ఇంటికే వస్తుందా అని పాప రోజూ అడుగుతోంది. ఇది మొదటిది. క్రిస్మస్ సెలవుల్లో, అవి చలికాలం గడిపే ఆ మెక్సికో కొండలకి వెళ్ళి చూడొచ్చా అన్నది రెండోది. వాటి పురుగులు తినే మిల్క్‌వీడ్ మొక్క నర్సరీలో దొరుకుతుంది కదా, అది తెచ్చి పెట్టాలా అన్నది మూడోది.

నేను డాలస్ పక్కనే ప్లేనోలో ఉంటాను. పదమూడేళ్ళుగా ప్రతి అక్టోబరులో ఈ సీతాకోకలు ఎక్కడిదాకా వెళ్తాయో తెలియడానికి వాటి రెక్కలకి నంబరున్న స్టిక్కర్లు అంటిస్తున్నాను. ఉద్యోగం వేరే, ఇది పిచ్చి. ఒకసారి ఆ కొండలూ ఎక్కాను. మీ మూడో ప్రశ్నలో ఉన్న పొరపాటు నేనే స్వయంగా చేశాను. అందుకని కొంచెం పొడుగ్గానే రాస్తున్నాను, ఓపిక చేసుకుని చదవండి.

ఇదే ప్రశ్న టొరంటో నుంచి ఎవరైనా అడిగితే, రాదమ్మా అని ఒక్క ముక్కలో తేల్చేసేదాన్ని. అక్కణ్ణుంచి బయల్దేరిన సీతాకోక మళ్ళీ టొరంటో ముఖం చూడదు. అక్కడికి తిరిగి చేరేది దాని మనవలో మునిమనవలో. కానీ మీరుండేది టెక్సాస్. ఇక్కడ లెక్క వేరు.

ఎండాకాలంలో పుట్టిన మోనార్క్ రెక్కలొచ్చాక బతికేది రెండు నుంచి ఆరు వారాలు. జత కట్టడం, మిల్క్‌వీడ్ ఆకుల కింద ఒక్కో గుడ్డూ పెట్టుకుంటూ పోవడం, ఆ పని అయ్యాక చచ్చిపోవడం. ఆగస్టు చివర్లో, సెప్టెంబరులో పుట్టే తరం మాత్రం అలా ఉండదు. పగటి పొద్దు తగ్గుతుంది, రాత్రుళ్ళు చల్లబడతాయి, మిల్క్‌వీడ్ ఆకు ముదిరి పసుపు తిరుగుతుంది. ఈ సంకేతాలు అందిన పురుగు సీతాకోకగా మారేసరికి దాని ఒంట్లో గుడ్లు పెట్టడానికి సిద్ధం చేసే జువెనైల్ హార్మోన్ బాగా తగ్గి ఉంటుంది. గుడ్లు, జతలు అన్నీ వాయిదా. తిన్న తేనె అంతా కొవ్వుగా దాచుకోవడమే పని. దాంతో అమ్మమ్మ నెల రోజులు బతికితే ఈ మనవరాలు ఎనిమిది నెలల దాకా బతుకుతుంది. జాతి ఒకటే, జన్యువులూ అవే, పుట్టిన నెల మాత్రం వేరు.

ఈ పొడుగు ఆయుష్షు తరమే కెనడా, అమెరికాల నుంచి మెక్సికో నడిబొడ్డున ఉన్న కొండలకి నాలుగు వేల కిలోమీటర్ల దాకా ఎగిరి వెళ్తుంది. బరువు అర గ్రాము, అంటే పాతిక బియ్యపు గింజలంత. నవంబరు మొదట్లో అక్కడికి చేరి, మార్చి దాకా చెట్లని పట్టుకుని గడిపి, పొద్దు పెరిగాక జత కట్టి ఉత్తరానికి మళ్ళుతుంది. అలా బయల్దేరిన ఆడవి గుడ్లు పెట్టేది ఎక్కువగా ఎక్కడనుకున్నారు? ఉత్తర మెక్సికోలో, మన టెక్సాస్‌లో. పెట్టి ఇక్కడే పోతాయి. వాటి పిల్లలు ఇంకాస్త పైకి, వాటి పిల్లలు ఇంకా పైకి, అలా మూడు నాలుగు తరాల్లో కెనడా చేరతాయి. శరదృతువులో మళ్ళీ ఒక మొండి తరం పుట్టి, ఎన్నడూ చూడని కొండల వైపు తిరుగుతుంది.

కాబట్టి అక్టోబరులో వెళ్ళింది మార్చిలో తిరిగి కనిపించే అవకాశం ఉన్న చోటు ఏదన్నా ఉంటే అది మన టెక్సాసే. మీ పాపకి ఆ మాట ధైర్యంగా చెప్పండి. మీ పెరట్లోకే వస్తుందా అంటే, అది మరీ ఎక్కువ ఆశ. ఇక్కణ్ణుంచి ఆ కొండలు సుమారు 1,500 కిలోమీటర్లు. రోజుకి నలభై యాభై కిలోమీటర్ల చొప్పున వెళ్తే నెల రోజుల ప్రయాణం. దారిలో హైవేల మీద కార్లు, మందు కొట్టిన పొలాలు, పూలు లేని ఎండు నేలలు. అక్కడ చలి, పిట్టలు, ఎలుకలు. మళ్ళీ వెనక్కి అంత దూరం.

ఇంకో మెలిక ఉంది, చెప్పకపోతే నాకు మనసొప్పదు. స్కూల్ వాళ్ళు ఆ పురుగుని బయట పొలంలో ఏరి తెచ్చారా, పెంచి అమ్మే వాళ్ళ దగ్గర కొన్నారా అన్నది కనుక్కోండి. వ్యాపారానికి తరతరాలుగా పెంచిన మోనార్క్‌లు, ఇంట్లో ట్యూబ్‌లైటు కింద పెరిగినవి దక్షిణానికి తిరగడం మరిచిపోయాయని 2019లో ఒక అధ్యయనం వచ్చింది. తర్వాత ఇంకో బృందం, పెంచిన వాటికి రేడియో ట్యాగులు పెట్టి బయట వదిలితే చాలావరకు సరైన దిక్కే పట్టాయని చూపించింది. ఎండా గాలీ తగిలితే మొద్దు నిద్ర వదులుతుందేమో. మీరు వదిలింది పెరట్లో, అక్టోబరు ఎండలో. మంచి పనే చేశారు. పాపకి ఈ సందేహం చెప్పనక్కర్లేదు.

ఇక దారి ఎవరు చెప్తారు అన్నది. మీరు నేరుగా అడగలేదు కానీ పాప రేపు అడిగే ప్రశ్న అదే.

పక్షులైతే కొన్నింటికి పెద్దవి వెంట ఉండి దారి చూపిస్తాయి. వీటికి చూపించడానికి అమ్మానాన్నా బతికి లేరు, తాతలూ ఆ కొండలు ఎరగరు. వీటి దగ్గరున్నది ఒక సూర్య దిక్సూచి. సూర్యుడు ఎటున్నాడో చూసి నైరుతి వైపు పోతాయి. పొద్దున తూర్పున ఉన్నవాడు సాయంత్రానికి పడమటికి పోతాడు కదా, సూర్యుణ్ణి ఎడమవైపు ఉంచుకుని పో అని ఒకే సూత్రం పెట్టుకుంటే సాయంత్రానికి దారి తప్పుతుంది. అందుకే టైమెంతయిందో కూడా తెలియాలి. ఆ గడియారం ఎక్కడుందో 2009లో మసాచుసెట్స్ విశ్వవిద్యాలయంలో స్టీవెన్ రెపర్ట్ బృందం తేల్చింది. మెదడులో ఉంటుందని అందరూ అనుకున్నారు, తీరా చూస్తే మీసాల్లో ఉంది. నేను మీసాలంటున్నది తల ముందుండే ఆ రెండు సన్నటి పుల్లల్ని. వాటికి నల్ల రంగు పూస్తే వెలుగు తగలక గడియారం తప్పింది, సీతాకోక తప్పు దిక్కుకి తిరిగింది. రంగులేని పూత పూస్తే ఏమీ కాలేదు, సరిగ్గానే ఎగిరింది. ఇంత సులువైన ప్రయోగంతో ఇంత పెద్ద సంగతి తేలడం నాకు ఇప్పటికీ అబ్బురమే. మబ్బు పట్టిన రోజున భూమి అయస్కాంత క్షేత్రం ఎంత వాలుగా ఉందో పట్టుకుని పోగలవని 2014లో అదే బృందం చూపించింది.

మరి వెనక్కి తిరగమని ఎవరు చెప్తారు? చలి. శరదృతువులో పట్టిన మోనార్క్‌లని, ఆ కొండల మీద ఉండేంత చలిలో 24 రోజులు ఉంచి బయటికి తీస్తే అవి ఉత్తరానికి తిరిగాయి. చలి తగలనివి మార్చి వచ్చినా దక్షిణానికే పోతామన్నాయి. అంటే ఆ కొండల చలి వాటికి ఇబ్బంది కాదు, వాటి పంచాంగంలో అదొక పేజీ. శీతాకాలాలు వేడెక్కుతున్నాయి అన్నప్పుడు నాకు ముందు గుర్తొచ్చేది ఈ ప్రయోగమే.

దిక్సూచి ఉందని పటం కూడా ఉందనుకోకండి. కెనడాలో ఒంటారియో నుంచి కొన్నింటిని రెండున్నర వేల కిలోమీటర్లు పడమటికి కాల్గరీ తీసుకెళ్ళి చూశారు. తేడా తెలిసి ఉంటే అవి ఆగ్నేయానికి తిరగాలి. తిరగలేదు, అలవాటైన దిక్కుకే వెళ్ళబోయాయి. అలాంటిది కొన్ని ఎకరాల అడవిని, ఏటా దాదాపు అదే వాలుని ఎలా పట్టుకుంటాయి? కొండల వరసలు, సముద్ర తీరం గరాటులా వాటిని ఒకచోటికి తోస్తాయన్నంత వరకు చెప్పగలరు. ఆ చివరి మజిలీకి శాస్త్రం దగ్గర ఇంకా పూర్తి జవాబు లేదు.

అసలు అవి ఎక్కడికి పోతున్నాయో బయటి ప్రపంచానికి 1975 దాకా తెలియదు. టొరంటోలో ఫ్రెడ్ అర్కహార్ట్, నోరా అర్కహార్ట్ అని భార్యాభర్తలు, దశాబ్దాల తరబడి సీతాకోకల రెక్కలకి కాగితపు స్టిక్కర్లు అంటించి వెంటాడారు. మొదట్లో వానకి స్టిక్కర్లు ఊడిపోయేవట. 1952 నుంచి వలంటీర్లని పోగేశారు, వేలమంది అయ్యారు. స్టిక్కర్లన్నీ టెక్సాస్ వైపు వేలు చూపించి అక్కడ మాయమైపోయేవి. నోరా మెక్సికో పత్రికల్లో సాయం అడిగితే, మెక్సికో సిటీలో పని చేస్తున్న కెన్ బ్రుగ్గర్ అనే అమెరికన్ ముందుకొచ్చాడు. అతనికి తోడు కాటలీనా అగ్వాడో, మిచోవకాన్ ప్రాంతం అమ్మాయి. ఇద్దరూ ఊరూరా తిరిగి, కట్టెలు కొట్టేవాళ్ళని అడుగుతూ, 1975 జనవరిలో సెర్రో పెలోన్ కొండ మీద లక్షల సీతాకోకల మధ్యకి చేరారు. బ్రుగ్గర్‌కి రంగులు సరిగ్గా కనపడవంటారు. అంత నారింజ రంగు మధ్య నిలబడి!

మరుసటి ఏడాది జనవరిలో అర్కహార్ట్ స్వయంగా ఆ కొండ ఎక్కాడు. అప్పటికే పెద్దవాడు, పైన గాలి పలచన. ఆయన కూర్చుని ఆయాసం తీర్చుకుంటుంటే సీతాకోకల బరువుకి ఒక కొమ్మ విరిగి ముందు పడింది. ఆ కుప్పలో ఒకదాని రెక్క మీద తెల్ల స్టిక్కరు, పీఎస్ 397. అది 1975 ఆగస్టులో మిన్నెసోటా రాష్ట్రంలోని చాస్కాలో ఒక మాస్టారు, ఇద్దరు పిల్లలు అంటించినది. నేను ఈ పిచ్చిలో పడింది ఆ కొమ్మ కథ విన్నాకే.

ఒక్క మాట మాత్రం ఒప్పుకోను. వాళ్ళు ‘కనుక్కున్నారు’ అనడం. ఆ కొండల కింద ఉండే మసావా, పురెపెచా జనానికి తరతరాలుగా తెలుసు. నవంబరు ఒకటీ రెండు తేదీల్లో వాళ్ళకి చనిపోయినవాళ్ళని తలుచుకునే పండగ, మనకి మహాలయ పక్షాల్లాగా. సరిగ్గా ఆ రోజుల్లోనే ఆకాశం నిండా ఇవి దిగుతాయి. పోయిన పెద్దలే ఇలా వచ్చారంటారు. అన్నట్టు ఆ పండగకి సమాధులన్నీ నింపేది బంతిపూలతో. బంతి మొక్క పుట్టిల్లు మెక్సికోనే. అక్కణ్ణుంచి మన దసరా గుమ్మాలకి, బతుకమ్మకి వచ్చింది.

ఇప్పుడు రెండో ప్రశ్న, క్రిస్మస్‌కి వెళ్ళొచ్చా. వెళ్ళొచ్చు, కానీ నా మాట వింటే ఫిబ్రవరికి మార్చుకోండి. అక్కడి అభయారణ్యాలు నవంబరు చివరి నుంచి మార్చి చివరి దాకా తెరుస్తారు. డిసెంబరులో చలికి అవి గుంపులుగా ముడుచుకుని కదలవు. రెక్కలు మూసుకుని ఉంటాయి కాబట్టి నారింజ కనపడదు, చెట్టుకి ఎండాకులు వేలాడుతున్నట్టు మట్టిరంగులో ఉంటాయి. పిల్లలు చూసి ఇదేనా అంటారు. జనవరి చివరి నుంచి ఎండ కాస్త పెరుగుతుంది, అవి నీళ్ళకి దిగుతాయి, ఫిబ్రవరిలో జతకట్టడం మొదలవుతుంది. స్కూలుకి సెలవు కావాలంటే ప్రెసిడెంట్స్ డే వారాంతం ఉంది. శని ఆదివారాలు మెక్సికో సిటీ జనం వచ్చిపడతారు, సోమవారం మేలు.

నేను వెళ్ళింది ఫిబ్రవరి రెండో వారంలో, మచేరోస్ అనే చిన్న ఊరి నుంచి సెర్రో పెలోన్‌కి. గుర్రం మీద గంటన్నర. గుర్రం నడిపించిన పెద్దాయనకి నా స్పానిష్ అర్థం కాలేదు, నాకు ఆయనది అర్థం కాలేదు, ఇద్దరం నవ్వుకుంటూనే ఎక్కాం. ఎత్తు మూడు వేల మీటర్లు. ఆంధ్రప్రదేశ్‌లో అన్నిటికన్నా ఎత్తైన కొండ 1,700 మీటర్ల లోపే అని గుర్తుంచుకోండి. గుర్రం దిగి ఇరవై అడుగులు వేసేసరికి గుండె దడదడలాడింది. పిల్లలకి ముందురోజు నీళ్ళు బాగా తాగించండి, కడుపు నిండా పెట్టి ఎక్కించకండి.

మేం పైకి చేరేసరికి మబ్బుగా ఉంది. ఓయామెల్ అనే ఫర్ చెట్లు, నిటారుగా ఉంటాయి. కొమ్మలు మామిడి గుత్తుల్లా వంగిపోయి ఉన్నాయి, కానీ వేలాడుతున్నవి కాయలు కాదు. మాను మీద కూడా పొలుసుల్లా పేర్చినట్టు ఒకదాని మీద ఒకటి. పావుగంట సేపు ఏమీ జరగలేదు. మాటలు వద్దని గైడు ముందే చెప్పాడు, అందరం నోళ్ళు మూసుకుని నిలబడ్డాం. అప్పుడు మబ్బు జరిగి ఎండ ఒక చెట్టు మీద పడింది. ఎండ పడిన మేర మాత్రమే రెక్కలు తెరుచుకున్నాయి. మట్టిరంగు మాను మీద నారింజ పాకుతూ వెళ్ళింది, వెనకే వేల కొద్దీ లేచాయి. అప్పుడొక చప్పుడు వినిపించింది. రేకుల మీద కాదు, ఆకుల మీద సన్నటి జల్లు పడితే వస్తుందే, అలాంటిది. రెక్కల చప్పుడు చెవికి వినిపిస్తుందని ఎవరైనా చెబితే నమ్మేదాన్ని కాదు. ఒకటి నా స్వెట్టర్ చేతి మీద వాలింది, ఆరు నిమిషాలు కదలలేదు, నేనూ కదలలేదు.

కింద చూసుకుని నడవాలి. దారంతా వాలి ఉంటాయి. ఫిబ్రవరిలో మగది ఆడదాన్ని గాల్లోనే పట్టుకుంటే రెండూ కలిసి నేల మీద పడతాయి, మన చెప్పు కిందే పడొచ్చు. అక్కడక్కడ రెక్కలు మాత్రమే ఉంటాయి, ఒళ్ళు పిట్టలు తినేసి ఉంటాయి. మిల్క్‌వీడ్ పాల విషం వల్ల చాలా పిట్టలు మోనార్క్ జోలికి రావు, తిన్నా కక్కేస్తాయి. ఇక్కడ మాత్రం రెండు రకాల పిట్టలు, ఒక రకం ఎలుక ఆ విషాన్ని తట్టుకోవడమో తప్పించుకుని తినడమో నేర్చాయి. మీ అమ్మాయి దిగులుపడితే ముందే చెప్పి ఉంచండి.

వీసా సంగతి. చెల్లుబాటయ్యే అమెరికా వీసా పాస్‌పోర్టులో స్టాంప్ అయి ఉంటే, లేదా గ్రీన్‌కార్డు ఉంటే, భారతీయులకి మెక్సికో వీసా వేరే అక్కర్లేదు. స్టాంపు గడువు దాటి, చేతిలో ఐ-797 (అమెరికా ఇమిగ్రేషన్ వాళ్ళిచ్చే ఆమోద పత్రం) మాత్రమే ఉంటే టెన్షన్ పెట్టుకోవద్దు, ఆ ఏడాదికి మానెయ్యండి. బయల్దేరే ముందు కాన్సులేట్ నిబంధనలు ఒకసారి చూసుకోండి.

భద్రత గురించి తీపి మాటలు చెప్పను. ఎక్కువమంది వెళ్ళే ఎల్ రొసారియో, సియెర్రా చింకువా రెండూ మిచోవకాన్ రాష్ట్రంలో ఉన్నాయి. ఆ రాష్ట్రాన్ని అమెరికా ప్రభుత్వం చాలాకాలంగా అతి ప్రమాదకరమైన వాటి జాబితాలో పెట్టింది. 2020 జనవరిలో ఎల్ రొసారియో అభయారణ్యం బాధ్యుడు ఓమెరో గోమెస్ గొన్సాలెస్ కనపడకుండా పోయి, రెండు వారాలకి బావిలో శవమై తేలాడు. ఒకప్పుడు కలప కొట్టినవాడే, తర్వాత అదే అడవికి కాపలా అయ్యాడు. నేను మీ స్థానంలో ఉంటే, పిల్లలతో వెళ్తున్నాను కాబట్టి, ఆ దేశంలోనే మెక్సికో అనే పేరున్న పక్క రాష్ట్రం వైపు ఉన్న మచేరోస్ గానీ వాల్యె దె బ్రావో దగ్గరున్న పియెద్రా ఎర్రాదా గానీ ఎంచుకుంటాను. పగటిపూటే ప్రయాణం, తెలిసిన డ్రైవరు. అక్కడ మనం ఇచ్చే టికెట్టు, గుర్రం డబ్బులు ఊరి ఉమ్మడి సంఘాలకి పోతాయి. వాటిని ఎహీదోలంటారు, అడవి వాళ్ళదే. చెట్టు కొడితే వచ్చే డబ్బు కంటే నిలబెడితే వచ్చేది ఎక్కువైతేనే ఆ చెట్టు మిగులుతుంది. అందుకే గుర్రం దగ్గర బేరం ఆడకండి. మనవాళ్ళకి కష్టమే, తెలుసు.

ఆ అడవి మిగలడం ఎందుకంత ముఖ్యం అంటే, గుబురుగా ఉన్న ఓయామెల్ చెట్లు రాత్రి దుప్పటి, వాన రోజున గొడుగు. తడిసిన సీతాకోక పొడిగా ఉన్నదాని కంటే చాలా త్వరగా గడ్డకట్టి చస్తుంది. 2002 జనవరిలో వాన పడి వెంటనే గడ్డకట్టే చలి దిగిన ఒక్క తుపానుకి, పెద్ద గుంపులున్న రెండు చోట్ల నాలుగింట మూడు వంతులు పోయాయి. నేల మీద మోకాలి కింద దాకా కుప్పలు.

ఎన్ని మిగిలాయి అన్నది అక్కడ తలల లెక్కన కొలవరు, అవి ఆక్రమించిన అడవి ఎన్ని హెక్టార్లో చూస్తారు. 1996-97 చలికాలంలో 18 హెక్టార్లు. 2013-14లో 0.67. మధ్యలో కాస్త కోలుకుని, 2023-24లో మళ్ళీ 0.9కి పడి, మరుసటి చలికాలం 1.79కి లేచింది. ఈ వలస నిలదొక్కుకోవాలంటే ఆరు హెక్టార్లయినా ఉండాలంటారు. కాలిఫోర్నియా తీరంలో శీతాకాలం గడిపే పడమటి గుంపు ఇంకా దారుణం, 2020లో రెండు వేల లోపు లెక్క తేలి, మరుసటి ఏడాదే రెండున్నర లక్షలకి చేరి, 2024లో తొమ్మిది వేలకి పడింది. అమెరికా మధ్య రాష్ట్రాల మొక్కజొన్న, సోయా పొలాల్లో గ్లైఫోసేట్ అనే కలుపు మందు కొట్టాక కూడా బతికే పంట రకాలు 1996 నుంచి వచ్చాయి. అంతకుముందు సాళ్ళ మధ్య మొలిచే మిల్క్‌వీడ్ ఆ మందుకి తుడిచిపెట్టుకుపోయింది. దీనికి తోడు కరువులు, అడవి నరకడం. దేన్ని ఎంత నిందించాలో శాస్త్రవేత్తల్లోనే ఇంకా తగువు.

మూడో ప్రశ్నకి వస్తున్నాను. మిల్క్‌వీడ్ అంటే మన జిల్లేడు చుట్టమే. ఆకు తుంచితే పాలు, కాయ పగిలితే దూది, అన్నీ అవే పోలికలు. మా చిన్నప్పుడు నరసరావుపేటలో రథసప్తమికి ఆకులు కోసే జిల్లేడు మీద పసుపు నలుపు చారల పురుగులు ఉండేవి. అది ప్లెయిన్ టైగర్ అనే సీతాకోక పురుగు, మోనార్క్‌కి దగ్గరి చుట్టం. ఆ కుటుంబంలోనే నీలి మచ్చల సీతాకోకలకి ఫ్రెడరిక్ మూర్ 1880లో పెట్టిన శాస్త్రీయ నామం తిరుమల. నిజంగానే! అవి కూడా వానల్ని బట్టి తూర్పు మైదానాలకీ పడమటి కనుమలకీ మధ్య గుంపులుగా వలస పోతాయి.

పదేళ్ళ కింద నేను దగ్గర్లోని ఒక పెద్ద నర్సరీకి వెళ్ళి మిల్క్‌వీడ్ అని చీటీ ఉన్న కుండీలు నాలుగు తెచ్చాను. ఎరుపు పసుపు పూలు, చూడముచ్చటగా ఉన్నాయి. నవంబరు వచ్చినా పచ్చగానే ఉంది, గుడ్లు పడుతూనే ఉన్నాయి, నేను పొంగిపోయాను. అక్కడే మోసపోయాను. అది ట్రాపికల్ మిల్క్‌వీడ్. ఇక్కడి నేలది కాదు, చలికి ఎండదు. ఎండకపోతే రెండు నష్టాలు. వలస పోవాల్సినవి ఆగిపోయి గుడ్లు పెట్టేస్తాయి. పైగా ఓఈ అని పిలిచే ఒక పరాన్నజీవి సిద్ధబీజాలు, అంటే కంటికి కనపడనంత చిన్న విత్తుల్లాంటివి, పాత సీతాకోకల ఒంటి మీంచి ఆకు మీద రాలి, ఏడాదంతా పేరుకుంటాయి. పురుగు ఆకుతో పాటు వాటినీ తింటుంది.

ఆ థాంక్స్‌గివింగ్ వారంలో ఒక ప్యూపా పగిలింది. డొల్ల మీద ఆ బంగారు చుక్కలు మామూలుగానే ఉన్నాయి, కానీ లోపల్నుంచి వచ్చింది సగమే బయటపడింది. రెక్కలు తడి రుమాలు పిండి వదిలేసినట్టు ముడతలు పడ్డాయి, విప్పుకోలేదు. రెండు గంటలకి కింద పడింది. పొట్టకి సెలోటేపు ముక్క ఒకసారి అంటించి తీసి, మా అబ్బాయి మైక్రోస్కోపు కింద పెట్టి చూశాం. పొలుసుల మధ్య గోధుమరంగు చిన్న చిన్న సిద్ధబీజాలు, వందల కొద్దీ. నాలుగు మొక్కలూ అదే రోజు వేళ్ళతో సహా పీకేశాను.

అందుకని ఎరుపు పసుపు పూల మిల్క్‌వీడ్ కొనకండి. ఇప్పటికే ఉంటే అక్టోబరులో మొదలుకంటా కత్తిరించి, చలికాలమంతా చిగురు రానివ్వకండి. ఇక్కడి నేలకి సరిపోయేవి గ్రీన్ మిల్క్‌వీడ్, ఆంటెలోప్ హార్న్స్. చూడ్డానికి గడ్డిలా ఉంటాయి, కుండీలో బతకవు, వేరు లోతుకి పోతుంది. విత్తనం ఇప్పుడే నవంబరులో చల్లేస్తే చలికి నాని వసంతంలో మొలుస్తుంది. మొదటి ఏడాది ఏమీ కనపడక తిట్టుకుంటారు. ఆగండి. ఇంకో సంగతి, ఏ మొక్క కొన్నా పురుగు మందు కొట్టారా అని నర్సరీలో అడిగి తీసుకోండి.

నిజానికి అక్టోబరులో వాటికి మన దగ్గర కావాల్సింది మిల్క్‌వీడ్ కంటే తేనె. మెక్సికోలో నాలుగు నెలలు గడపడానికి కావాల్సిన కొవ్వు టెక్సాస్ పూల మీదే చాలావరకు పోగవుతుంది. ఫ్రాస్ట్‌వీడ్, మిస్ట్‌ఫ్లవర్ బాగా పనికొస్తాయి. బతుకమ్మకి మనవాళ్ళు ఎలాగూ పెరట్లో బంతి వేస్తారు కదా, పూలన్నీ కోసేయకుండా ఒక మడి వదిలెయ్యండి. ఒంటి రేక బంతి అయితే తేనె సులువుగా అందుతుంది. అక్టోబరు రెండో మూడో వారంలో ఉత్తరం నుంచి చలిగాలి దిగిన మర్నాడు పొద్దున్నే చూడండి. మా వీధి చివర పెకాన్ చెట్టు మీద ఒక ఏడాది వందల్లో రాత్రి బస చేశాయి.

వచ్చే అక్టోబరు పాపకి స్టిక్కరు వేయడం నేర్పించాలంటే, కాన్సస్ విశ్వవిద్యాలయంలో 1992లో మొదలైన మోనార్క్ వాచ్ వాళ్ళ దగ్గర ఆగస్టులోపే ఆర్డర్ పెట్టండి. రెక్కలు నాలుగూ మూసి ఉండగా, వెనక రెక్క బయటి వైపు మధ్యలో, బొటనవేలు మాత్రమే విడిగా ఉండే చేతి తొడుగు ఆకారంలో ఒక గడి ఉంటుంది, దాని మీద గుండ్రటి స్టిక్కరు పెట్టి మూడు అంకెలు లెక్కపెట్టేదాకా వేలితో నొక్కాలి. నంబరు, తేదీ, ఆడా మగా రాసుకోవాలి. మగదానికి వెనక రెక్క మీద నరం పక్కన నల్ల చుక్క ఉంటుంది, పిల్లలు ఒక్కరోజులో పట్టేస్తారు. ఆ కొండల కింద ఊళ్ళవాళ్ళు చచ్చిపడిన వాటిలో స్టిక్కరున్నవి ఏరి పెడితే మోనార్క్ వాచ్ వాళ్ళు డబ్బిచ్చి తీసుకుంటారు. నేను వేసిన వాటిలో ఇప్పటిదాకా ఒక్క నంబరూ ఆ జాబితాలో రాలేదు. ప్రతి ఏడాదీ వెతుకుతూనే ఉన్నాను.

మార్చి చివరి వారంలో మీ ఇంటి చుట్టుపక్కల గడ్డి కోయని ఖాళీ స్థలం ఏదన్నా ఉంటే పాపని తీసుకెళ్ళండి. మెక్సికో నుంచి వచ్చినదాన్ని గుర్తుపట్టడం కష్టం కాదు. నారింజ వెలిసిపోయి, ఉతికి ఉతికి పోయిన చీరలా ఉంటుంది. రెక్కల అంచులు చిరిగి ఉంటాయి. ఒంటరిగా, నేలకి జానెడు ఎత్తులో ఎగురుతూ, మొక్క మొక్క మీదా వాలి ముందుకాళ్ళతో ఆకుని టపటపా తడుతుంది. మిల్క్‌వీడ్ అవునా కాదా అని అలా రుచి చూస్తుంది. అవునని తేలితే పొట్ట వంచి ఆకు అడుగున ఒక గుడ్డు పెట్టి వెళ్ళిపోతుంది. గుండుసూది తలంత ఉంటుంది, తెల్లగా, సన్నటి గీతలతో. చేత్తో పట్టుకునే చిన్న భూతద్దం ఒకటి వెంట తీసుకెళ్ళండి.